పడకగది సొరుగులో గన్ పెడతానంటున్నారు మావారు

ప్రశ్న: నమస్కారం. మాది టెక్సస్, డాలస్ శివారు. ఇక్కడికి వచ్చి చాలా ఏళ్ళయింది. ఈమధ్యే గ్రీన్ కార్డులు వచ్చాయి, సొంత ఇల్లు కొనుక్కున్నాం. హెచ్-1బి మీద ఉన్న మా మరిది మాతోనే ఉంటాడు. బాబుకి పదిహేనేళ్ళు, పాపకి ఎనిమిది. దసరా సెలవుల్లో మా వీధిలోనే ఒక తెలుగువాళ్ళ ఇంట్లో దొంగలు పడి బంగారమంతా ఎత్తుకుపోయారు. అప్పటినుంచి మావారు పిస్టల్ కొంటానని పట్టుబట్టారు. పడకగదిలో మంచం పక్క సొరుగులో పెట్టుకుంటారట, అవసరానికి చేతికి అందాలట. "ఇక్కడ అందరి దగ్గరా ఉంది, ఇది రాజ్యాంగం ఇచ్చిన హక్కు" అంటారు. అలెన్ మాల్‌లో కాల్పులు జరిగినప్పుడే ఆయన మనసులో ఈ ఆలోచన పడింది. వచ్చే నెల అత్తగారు, మామగారు విజిటర్ వీసా మీద వస్తున్నారు. మామగారిని షూటింగ్ రేంజ్‌కి తీసుకెళ్ళి ఫొటోలు తీయాలని అన్నదమ్ములిద్దరూ ప్లాన్ వేసుకున్నారు. నేను వద్దంటే పిరికిదాన్నంటున్నారు.

ఇంకో సంగతి. మా బాబు ఈమధ్య అదోలా ఉంటున్నాడు. బాస్కెట్‌బాల్ మానేశాడు, గదిలోంచి బయటికి రాడు, మార్కులు తగ్గాయి. టీనేజ్‌లో ఇవన్నీ మామూలే అంటారు మావారు. వాడు శనివారాలు వెళ్ళే ఫ్రెండ్ ఇంట్లో తుపాకులున్నాయని మొన్న మాటల్లో తెలిసింది. ఎవరితో ఏమనాలో తెలియడం లేదు. ఈయన్ని ఎలా ఒప్పించాలి?
— ఒక అమ్మ, టెక్సస్

సమాధానం:

అమ్మా,

ఉత్తరం చివర్లో "ఇంకో సంగతి" అంటూ మీరు రాసినదాన్ని నేను ముందుకు తెస్తాను. బాబు ఆట మానేశాడు, గది దాటి రావడం లేదు, చదువులో వెనకబడ్డాడు. ఇలాంటి సమయంలో ఆ ఇంట్లోకి పిస్టల్ రాకూడదు. నా సమాధానం ఇదే. దొంగల గురించీ, హక్కుల గురించీ, వీసాల గురించీ కింద వివరంగా రాస్తున్నాను. అదంతా చదివే ఓపిక మీవారికి లేకపోతే ఈ నాలుగు వాక్యాలైనా చూపించండి.

మీవారి భయం ఉత్తుత్తిది కాదు. దాన్ని కొట్టిపారేస్తే ఆయన మీ మాట వినరు. మన ఇళ్ళలో బంగారం ఉంటుందని అక్కడి దొంగలకు బాగా తెలుసు. టెక్సస్, జార్జియా, న్యూజెర్సీ, మిషిగన్ లాంటి రాష్ట్రాల్లో ఒక ముఠా భారతీయ, ఆసియా కుటుంబాల ఇళ్ళనే ఎంచుకుని చొరబడింది. దాని నాయకురాలికి 37 ఏళ్ళ జైలు శిక్ష పడింది. పక్కింటి తాళం పగిలిన వీధిలో నిద్ర పట్టకపోవడం సహజం. కాబట్టి మీరు ముందుగా అనవలసిన మాట "మీరు భయపడటంలో తప్పు లేదు, నాకూ భయంగానే ఉంది" అని.

ఇక ఆ భయానికి పిస్టల్ మందా అన్నది చూద్దాం. 2003 నుంచి 2007 వరకు అమెరికాలో జరిగిన ఇంటి దొంగతనాలను అక్కడి న్యాయశాఖ గణాంక విభాగం పరిశీలించింది. నూటికి 28 దొంగతనాల్లోనే ఇంట్లో మనుషులున్నారు. ఇంట్లోవాళ్ళ మీద దాడి జరిగినవి నూటికి 7. దొంగ ఎక్కువగా మీరు గుడికో, బర్త్‌డే పార్టీకో, ఇండియాకో వెళ్ళినప్పుడే వస్తాడు. అప్పుడు సొరుగులో ఉన్న పిస్టల్ మిమ్మల్ని కాపాడదు సరికదా, నగలతోపాటు అదీ పోతుంది. 2017-2021 మధ్య అమెరికాలో పది లక్షలకు పైగా తుపాకులు మామూలు జనం దగ్గరనుంచి చోరీ అయ్యాయని లెక్క. అవి ఎవరి చేతుల్లోకి వెళ్తాయో చెప్పనక్కర్లేదు.

బంగారం ఇంట్లో లేకుండా చూసుకుంటే దొంగ వచ్చినా పోయేది తక్కువ. బ్యాంకు లాకర్ తీసుకోండి. రోజూ వేసుకునే గొలుసు, గాజులు తప్ప మిగతావి అక్కడ ఉంచండి. మీ ఇంటి ఇన్సూరెన్స్ కాగితాలు ఒకసారి తీసి చూడండి. నగలు చోరీ అయితే 1,500 డాలర్లకు మించి ఇవ్వమని చాలా పాలసీల్లో రాసి ఉంటుంది. నగలకు విడిగా కవరేజ్ కట్టాలి. ఆ సంగతి దొంగతనం జరిగాక తెలిసినవాళ్ళు మనవాళ్ళలో చాలామంది ఉన్నారు. ఇండియా వెళ్తున్నామని ఎయిర్‌పోర్టు నుంచి ఫొటోలు పెట్టడం మానేయాలి, పెళ్ళిళ్ళలో నగలతో దిగిన ఫొటోలు అందరికీ కనబడేలా ఉంచకూడదు. అలారం, కెమెరాలు, వెనక తలుపుకి గట్టి గడియ, వీటన్నిటికీ అయ్యే ఖర్చు ఒక మంచి పిస్టల్, దాని సేఫ్, శిక్షణ ఖర్చుకి అటూ ఇటూగానే ఉంటుంది.

"మరి ఇంట్లో మనుషులున్నప్పుడు దొంగ వస్తేనో?" అని మీవారు అడుగుతారు. న్యాయమైన ప్రశ్నే. తుపాకీ చూపించి ప్రాణాలు దక్కించుకున్నవాళ్ళు అక్కడ ఉన్నారు. ఏటా అలాంటివి ఎన్ని జరుగుతాయన్నదాని మీద పరిశోధకులు ఏకాభిప్రాయానికి రాలేదు. అరవై డెబ్బై వేలని కొందరి లెక్క, ఇరవై అయిదు లక్షలని 1990ల్లో వచ్చిన ఒక సర్వే లెక్క. ఇంత తేడా ఉన్న అంకెల్ని పట్టుకుని ఎవరూ గట్టిగా వాదించలేరు. తుపాకీ ఉన్న ఇంట్లో ప్రాణాలు పోయే లెక్క మాత్రం అంత గజిబిజిగా లేదు. 2023లో అమెరికాలో తుపాకీ గుండ్లకు సుమారు 46,700 మంది చనిపోయారు. అందులో 27,300 మంది తమను తాము కాల్చుకున్నవాళ్ళు. హత్యకు గురైనవాళ్ళు 17,900 చిల్లర. వార్తల్లో మాల్ కాల్పులు, స్కూలు కాల్పులు కనిపిస్తాయి. ఎక్కువ చావులు జరిగేది మాత్రం తలుపులు వేసి ఉన్న ఇళ్ళలో, సొంత తుపాకీతో.

కాలిఫోర్నియాలో స్టాన్‌ఫర్డ్ పరిశోధకులు లక్షలాది మంది రికార్డులు పరిశీలించి 2022లో ఒక అధ్యయనం ప్రచురించారు. తమకు తుపాకీ లేకపోయినా, పిస్టల్ ఉన్న మనిషితో ఒకే ఇంట్లో ఉంటున్నవాళ్ళ గురించి అది. అంటే రేపు మీ స్థానంలో ఉండేవాళ్ళ గురించి. అదే చుట్టుపక్కల, తుపాకీ లేని ఇళ్ళలో ఉన్నవాళ్ళతో పోలిస్తే వీళ్ళు హత్యకు గురయ్యే అవకాశం రెండు రెట్లకు పైగా ఎక్కువని తేలింది. ఇంట్లో భర్త, భార్య, లేదా సహచరుడి చేతిలో కాల్పులకు బలయ్యే అవకాశం ఏడు రెట్లు ఎక్కువ. మీవారి మీద నాకు అనుమానం లేదు. ఇంటిల్లిపాదిని కాపాడుకోవాలనే ఆయన తపనంతా. కానీ పిస్టల్ వల్ల ఇల్లు పదిలంగా ఉంటుందన్న నమ్మకానికి ఈ లెక్కలు మద్దతివ్వడం లేదు.

బాబు విషయానికి వస్తాను. వాడు మానసికంగా బాధలో ఉన్నాడని ఒక ఉత్తరం చదివి నేను తేల్చేయలేను. మీవారన్నట్టు అది టీనేజ్ ముభావమే కావచ్చు. కాకపోతే? ప్రాణం తీసుకోవాలన్న ఆలోచన చాలామందిలో ఒక ఉప్పెనలా వచ్చి తగ్గిపోయేది. చావుకి దగ్గరగా వెళ్ళి బతికిన 13 నుంచి 34 ఏళ్ళ మధ్యవాళ్ళను మీ టెక్సస్‌లోనే, హ్యూస్టన్‌లో పరిశోధకులు అడిగారు. నిర్ణయం తీసుకోవడానికీ, ఆ పని చేయడానికీ మధ్య అయిదు నిమిషాలు కూడా లేదని వాళ్ళలో దాదాపు నాలుగో వంతు మంది చెప్పారు. ఆ నిమిషాల్లో చేతికి ఏం అందుతుందన్నదే బతుకుకీ చావుకీ మధ్య తేడా. తుపాకీతో చేసుకున్న ప్రయత్నాల్లో పదిమందిలో సుమారు తొమ్మిదిమంది చనిపోతారు. వేరే రకంగా ప్రయత్నించి బతికి బయటపడినవాళ్ళలో పదిమందిలో తొమ్మిదిమంది ఆ తర్వాత ఆత్మహత్యతో చనిపోరు. బతికినవాడికి రెండో అవకాశం దొరుకుతుంది, ఆ అవకాశంతో వాడు నిలదొక్కుకుంటాడు. తుపాకీ ఆ రెండో అవకాశం ఇవ్వదు. ఈ పేరా రాస్తుంటే నాకే కష్టంగా ఉంది, మీకు చదవడం ఇంకా కష్టమని తెలుసు. అయినా ఇది దాచి మిగతావి చెప్పడంలో అర్థం లేదు.

"ఎక్కడ పెట్టానో పిల్లలకు తెలియదు" అన్న ధీమా కూడా వద్దు. అలబామాలో తుపాకులున్న ఇళ్ళ తల్లిదండ్రులనూ, పిల్లలనూ విడివిడిగా అడిగి చూశారు. పిల్లలకు ఆ చోటు తెలియదని చెప్పిన తల్లిదండ్రుల్లో నూటికి 39 మంది చెప్పింది నిజం కాదని పిల్లల మాటల్లోనే తేలింది. దీపావళి స్వీట్లు ఎక్కడ దాచామో పిల్లలకు తెలియని ఇల్లు ఉంటుందా చెప్పండి!

అందరి దగ్గరా ఉందన్న మాట సంగతి. ప్యూ రీసెర్చ్ సెంటర్ 2023లో చేసిన సర్వేలో తమకు తుపాకీ ఉందని చెప్పిన వయోజనులు నూటికి 32 మంది. తమకు లేకపోయినా ఇంట్లో ఇంకొకరికి ఉన్నవాళ్ళను కలిపితే నూటికి 40 దాకా. టెక్సస్‌లో ఇంకొంచెం ఎక్కువే ఉండొచ్చు. అమెరికాలో జనం కంటే తుపాకులు ఎక్కువన్నది మాత్రం నిజం. స్మాల్ ఆర్మ్స్ సర్వే అనే పరిశోధన సంస్థ 2018 అంచనా ప్రకారం వందమందికి 120. మన దేశంలో లైసెన్సు ఉన్నవీ లేనివీ కలిపి వందమందికి అయిదు. ఒక్కొక్కరి దగ్గర అయిదారు ఉండటం వల్ల అమెరికా లెక్క అలా పెరిగింది. అంటే తుపాకీ లేకుండా ఉండటం అక్కడ వింతేమీ కాదు. మీ వీధిలో కూడా తుపాకీ లేని ఇళ్ళు చాలానే ఉండి ఉంటాయి.

తుపాకీ సంస్కృతి అంటూ ఊరికే తీసిపారేసే మాటలు నాకు నచ్చవు. టెక్సస్ పల్లెల్లో జింకల సీజన్ వచ్చిందంటే తండ్రి కొడుకుని వెంటబెట్టుకుని వెళ్తాడు. 1971 సెప్టెంబరు 2న గానీ ఆ తర్వాత గానీ పుట్టినవాళ్ళు అక్కడ వేటకు వెళ్ళాలంటే వేట భద్రత కోర్సు చేసి ఉండాలి. ప్రతి తుపాకీలోనూ గుండు ఉందనే అనుకోవాలి, కాల్చకూడనిదాని వైపు గొట్టం తిప్పకూడదు, గురి కుదిరేదాకా ట్రిగ్గర్ మీద వేలు పెట్టకూడదు, గురికి వెనక ఏముందో చూసుకోవాలి. ఈ నాలుగూ ఆ ఇళ్ళలో పిల్లలకు చిన్నప్పుడే ఒంటబడతాయి. నేషనల్ రైఫిల్ అసోసియేషన్ 1871లో మొదలైంది కూడా సైనికులకూ పౌరులకూ గురి నేర్పడానికే. 1977లో దాని పగ్గాలు కొత్త వర్గం చేతికి వెళ్ళాకే అది తుపాకీ చట్టాలను గట్టిగా వ్యతిరేకించే రాజకీయ శక్తిగా మారింది. ఈరోజు తుపాకీ ఉన్నవాళ్ళలో నూటికి 72 మంది ఆత్మరక్షణే ముఖ్య కారణమని చెబుతున్నారు. వేట అనుభవం లేకుండా, భయంతో కొనే శివారు కుటుంబాలు పెరిగాయి. మీవారిదీ ఆ దారే.

మనవాళ్ళలో ఎక్కువమంది జీవితంలో ఒక్కసారి కూడా తుపాకీ ముట్టుకోకుండా అమెరికా వెళ్తారు. ఇక్కడ 1959 ఆయుధాల చట్టం కింద లైసెన్సు కావాలంటే కలెక్టరో, పోలీస్ కమిషనరో ఇవ్వాలి. ఎందుకు కావాలో చెప్పుకోవాలి, విచారణ జరగాలి. ఎన్నికల కోడ్ వచ్చిందంటే లైసెన్సు తుపాకుల్ని పోలీస్ స్టేషన్‌లో డిపాజిట్ చేయమంటారు. అలాంటి చోటినుంచి వెళ్ళిన మనిషికి టెక్సస్‌లో షాపులో ఫారం నింపి, బ్యాక్‌గ్రౌండ్ చెక్ అయితే అదే రోజు పిస్టల్ ఇచ్చేస్తారు. అక్కడ వెయిటింగ్ పీరియడ్ లేదు. 2021 సెప్టెంబరు నుంచి, 21 ఏళ్ళు నిండి చట్టపరంగా అడ్డంకి లేనివాళ్ళు లైసెన్సు లేకుండానే నడుముకి పెట్టుకుని తిరగొచ్చు. నేర్చుకోమని బలవంతపెట్టేవాళ్ళు ఎవరూ లేరు.

రాజ్యాంగ హక్కన్న మాట నిజమే. 1791లో వచ్చిన రెండో సవరణ అది. ఇంట్లో ఆత్మరక్షణకు పిస్టల్ ఉంచుకోవడం వ్యక్తి హక్కేనని సుప్రీంకోర్టు 2008లో హెల్లర్ కేసులో 5-4 తేడాతో చెప్పింది. ఆ తీర్పు రాసిన జస్టిస్ స్కాలియానే ఈ హక్కుకి హద్దులుంటాయని కూడా రాశారు. 2024లో రహిమీ కేసులో, గృహహింస కారణంగా ఎవరి మీద కోర్టు రక్షణ ఉత్తర్వులు ఇచ్చిందో ఆ మనిషికి తుపాకీ లేకుండా చేయొచ్చని ఎనిమిదిమంది న్యాయమూర్తులు అన్నారు, ఒక్కరే కాదన్నారు. ఆ కేసు పుట్టింది మీ టెక్సస్‌లోనే. హక్కు ఉందా లేదా అని మీవారితో వాదనకు దిగకండి, ఉంది. దాన్ని మన ఇంట్లో, ఈ ఏడాది వాడుకోవాలా అన్నదే మీరిద్దరూ తేల్చుకోవాల్సింది.

అలెన్ ఘటన గురించి రాశారు. 2023 మే 6న అక్కడ ఎనిమిదిమంది చనిపోయారు, అందులో మన హైదరాబాద్ నుంచి వెళ్ళిన అమ్మాయి కూడా ఉంది. ఆ దుఃఖం డాలస్ తెలుగువాళ్ళ మనసుల్లోంచి ఇంకా పోలేదు. కానీ ఆరోజు కాల్పుల్ని ఆపింది, వేరే పని మీద అక్కడికి వచ్చి ఉన్న పోలీసు అధికారి. సొరుగులో పెట్టిన పిస్టల్ మాల్‌లో అక్కరకు రాదు. ఆ మారణకాండ జరిగిన రెండు రోజులకి టెక్సస్ చట్టసభలో ఒక కమిటీ, కొన్ని రకాల సెమీ-ఆటోమేటిక్ రైఫిళ్ళు కొనే వయసు 18 నుంచి 21కి పెంచే బిల్లుని ఆమోదించింది. దానికోసం కొట్లాడినవాళ్ళలో యువాల్డే తల్లిదండ్రులున్నారు. 2022 మే 24న ఆ ఊరి స్కూల్లో 19 మంది పిల్లలు, ఇద్దరు టీచర్లు చనిపోయారు. బిల్లు సభలో ఓటింగుకే రాకుండా గడువు దాటిపోయింది. ఆ తల్లిదండ్రులు అడిగింది తుపాకులు ఎత్తేయమని కాదు, మూడేళ్ళు ఆగమని. అది కూడా కుదరలేదంటే నాకు కోపం వస్తుంది. మీరు పౌరసత్వం తీసుకుని ఓటు వేసే రోజు వస్తే ఈ బిల్లు పేరెత్తి మీ ప్రతినిధిని అడగండి.

చట్టాల్లో మీ ఇంటికి నేరుగా తగిలేది ఇంకోటుంది. ఇంట్లో ఒక మనిషి తనకో, ఇతరులకో హాని చేసే స్థితిలో ఉంటే, కుటుంబమో పోలీసులో కోర్టుకి వెళ్ళి తాత్కాలికంగా తుపాకీ తీయించే వీలు ఇరవై పైచిలుకు రాష్ట్రాల్లో ఉంది. వాటిని రెడ్ ఫ్లాగ్ చట్టాలంటారు. టెక్సస్‌లో అలాంటి చట్టం లేదు సరికదా, అలాంటి ఉత్తర్వులు చెల్లవని 2025లో విడిగా చట్టం చేశారు. అంటే పిస్టల్ ఇంట్లోకి వచ్చాక పరిస్థితి చేయి దాటితే ఆ దారి మీకు లేదు. జాగ్రత్త కొనకముందే పడాలి.

ఇక వీసాలు. ఈ భాగం మీ మరిదికి కూడా చదివి వినిపించండి, ఎందుకంటే మనవాళ్ళలో చాలామందికి ఇది తెలియదు. గ్రీన్ కార్డు ఉన్న మీవారు ఫెడరల్ చట్టం ప్రకారం కొనొచ్చు. హెచ్-1బి, ఎఫ్-1, విజిటర్ లాంటి తాత్కాలిక వీసాల మీద ఉన్నవాళ్ళు మాత్రం తుపాకీ గానీ, బుల్లెట్లు గానీ దగ్గర ఉంచుకోవడమే నేరం. ఏదైనా రాష్ట్రం ఇచ్చిన, చెల్లుబాటులో ఉన్న వేట లైసెన్సు ఉండటం లాంటి కొన్ని మినహాయింపులే ఉన్నాయి. రేంజ్‌లో అద్దెకు తీసుకుని చేత్తో పట్టుకున్నా అది దగ్గర ఉంచుకోవడం కిందికే వస్తుంది. సరదాగా తీసిన ఫొటోలో మామగారు పిస్టల్ పట్టుకుని ఉంటారు, పక్కన మీ మరిది నవ్వుతూ ఉంటాడు. ఆ ఫొటో ఫెడరల్ నేరానికి సాక్ష్యం అవుతుంది, వీసాకీ రేపటి గ్రీన్ కార్డుకీ ముప్పు తెస్తుంది. ఆ ప్లాన్ ఇవాళే మానిపించండి. మామగారికి చూపించడానికి టెక్సస్‌లో చాలా ఉన్నాయి.

అంతేకాదు, మీ మరిది ఉంటున్న ఇంట్లో అతని చేతికి అందే చోట పిస్టల్ ఉంటే, అది అతని అధీనంలోనూ ఉందని అధికారులు వాదించే వీలుంది. తమ్ముడి కోసమని అన్నగారు తన పేరున కొనడం కూడా పెద్ద నేరమే. షాపులో నింపే 4473 ఫారంలో అసలు కొనేది మీరేనా అని స్పష్టంగా అడుగుతారు, అక్కడ అబద్ధం రాస్తే జైలే. ఈ విషయాలన్నీ ఇమ్మిగ్రేషన్ లాయర్‌తో ఒకసారి మాట్లాడి నిర్ధారించుకోండి. ఫ్రెండ్స్ వాట్సాప్ గ్రూపులో వచ్చిన సలహా మీద నడవకండి.

ఇంత చెప్పినా ఆయన కొంటారనుకుందాం. అప్పుడైనా మీరు ఒక్కదానిమీద పట్టుబట్టండి: సొరుగులో పెట్టడానికి వీల్లేదు. టెక్సస్ చట్టం ప్రకారం, కాల్చడానికి సిద్ధంగా ఉన్న తుపాకీ 17 ఏళ్ళలోపు పిల్లల చేతికి చిక్కేలా నిర్లక్ష్యంగా వదిలేయడం నేరం. బిడ్డ దాన్ని పేల్చి ఎవరికైనా ప్రాణం పోయినా, తీవ్రంగా గాయపడినా ఏడాది వరకు జైలు పడొచ్చు. మిషిగన్‌లో ఇంకా దూరం వెళ్ళింది. 2021 నవంబరులో ఆక్స్‌ఫర్డ్ అనే చోట పదిహేనేళ్ళ కుర్రాడు స్కూల్లో నలుగురిని చంపాడు. ఆ పిస్టల్ తండ్రి కొనిచ్చింది. కొడుకు బాధలో ఉన్నాడని తెలిసీ దాన్ని భద్రంగా పెట్టలేదని తల్లికీ తండ్రికీ 2024లో చెరో పది నుంచి పదిహేనేళ్ళ శిక్ష వేశారు.

పిస్టల్‌ని ఖాళీ చేసి గట్టి సేఫ్‌లో, బుల్లెట్లను వేరే తాళంలో పెట్టాలని పిల్లల డాక్టర్ల సంఘం చెబుతుంది. సేఫ్ కోడ్ పిల్లల పుట్టినరోజు కాకూడదు. ఇంకొకటి గట్టిగా గుర్తుంచుకోవాలి. మ్యాగజీన్, అంటే బుల్లెట్లు నింపే పెట్టె, బయటికి తీసేస్తే పిస్టల్ ఖాళీ అయిపోయిందని కొత్తవాళ్ళు అనుకుంటారు. పైన గొట్టం మొదట్లో, ఛాంబర్‌లో ఒక బుల్లెట్ మిగిలిపోయి ఉండొచ్చు. మ్యాగజీన్ లేకపోయినా చాలా పిస్టళ్ళలో అది పేలుతుంది. శుభ్రం చేస్తూ, ఫ్రెండ్‌కి చూపిస్తూ ప్రాణాలు పోగొట్టుకున్నవాళ్ళు ఇలాగే పోయారు. మ్యాగజీన్ తీశాక పిస్టల్ పైన జరిగే భాగాన్ని, అంటే స్లైడ్‌ని, వెనక్కి లాగి, లోపల కంటితో చూసి, వేలితో తడిమి నిర్ధారించుకోవాలి. శిక్షణ తీసుకుని ఇది చేతికి అలవాటయ్యేదాకా పిస్టల్ ఇంటికే రాకూడదని షరతు పెట్టండి. బాబు తేరుకునేదాకా అసలే రాకూడదు.

ఆ ఫ్రెండ్ ఇంటి సంగతి వాయిదా వేయకండి. అమెరికాలో తల్లులు ఇది ఒకరినొకరు అడుగుతారు, పిల్లల డాక్టర్లు కూడా అడగమనే చెబుతారు. పల్లీ ఎలర్జీ గురించీ, ఈతకొలను గురించీ అడిగినంత మామూలుగా అడగండి. "మావాడు మీ ఇంటికి వస్తుంటాడు కదా, మీ ఇంట్లో తుపాకులుంటే తాళంలోనే ఉంటాయా? ఏమీ అనుకోకండి, ఎవరింటికి పంపినా అడుగుతాను" అని ఆ అమ్మకి మెసేజ్ పెట్టండి. జాగ్రత్త తెలిసినవాళ్ళయితే ఏ సేఫ్‌లో ఉన్నాయో వాళ్ళే చెబుతారు. విసుక్కుంటే, పిల్లలిద్దరూ మీ ఇంట్లోనే ఆడుకుంటారు.

మీవారితో మాట్లాడేటప్పుడు పిల్లల ముందూ, మరిది ముందూ వద్దు. అందరి ముందు మాట అయిందంటే ఆయన వెనక్కి తగ్గడం పరువు సమస్య చేసుకుంటారు. ఆయన్ని తుపాకీ మానమని అడగడం కంటే ఆరు నెలలు ఆగమని అడగండి. ఈ ఆరు నెలల్లో నగలు లాకర్‌కి వెళ్తాయి, అలారం వస్తుంది, బాబుని డాక్టర్ చూస్తారు, అమ్మానాన్నలు వచ్చి వెళ్తారు, లాయర్‌తో మాట్లాడటం అవుతుంది. ఆ తర్వాత మళ్ళీ కూర్చుని మాట్లాడుకుందామనండి. పిరికిదానివన్న మాటకి జవాబివ్వాల్సిన పని లేదు. అంతగా అయితే ఈ ఉత్తరం ఆయన చేతికివ్వండి, కోపమంతా నా మీదే చూపించమనండి.

బాబుకి డాక్టర్ అపాయింట్‌మెంట్ మాత్రం ఈ ఆరు నెలల మాటలో చేర్చకండి, అది ఈ వారమే కావాలి. వాడిని చూసే పిల్లల డాక్టర్‌కే ఫోన్ చేసి, డిప్రెషన్ స్క్రీనింగ్ చేయమని అడగండి. పన్నెండేళ్ళు దాటిన పిల్లలకు అక్కడ అది మామూలుగా చేసేదే. అంతకన్నా ముందు మీరే వాడితో కూర్చోండి. కారులో పక్కపక్కన కూర్చున్నప్పుడైతే మొహం మొహం చూసుకోనక్కర్లేదు, మాట తేలిగ్గా వస్తుంది. మార్కుల ఊసు ఎత్తొద్దు. "నాన్నా, చచ్చిపోవాలని ఎప్పుడైనా అనిపించిందా?" అని సూటిగా అడగండి. అడిగితే లేని ఆలోచన పుట్టిస్తామేమో అని అమ్మలు భయపడతారు. అలా జరగదని పరిశోధనల్లో మళ్ళీ మళ్ళీ తేలింది. ఎవరో ఒకరు అడిగారన్న ఊరటే పిల్లలు చెబుతారు. అవునన్నాడంటే కోప్పడకుండా, ఏడవకుండా వినండి. ఆరోజు వాణ్ణి ఒంటరిగా వదలకండి, ఆత్మహత్య ఆలోచనలున్నవాళ్ళకు సాయం చేసే 988 హెల్ప్‌లైన్‌కి ఫోన్ చేయండి. పగలైనా రాత్రైనా ఎత్తుతారు, ఖర్చు లేదు. ఇంగ్లీషులో చెప్పలేకపోతే దుబాసీని కలపమని అడగొచ్చు. లేదన్నాడంటే నమ్మండి, అయినా అపాయింట్‌మెంట్ రద్దు చేయకండి. డాక్టర్ ఏమన్నారో నాకు మళ్ళీ రాయండి.